బేకన్ శబ్దగృహాలు: కాగితం మీద కట్టిన పరిశోధనశాల

ధ్వనిశాస్త్ర చరిత్ర చెప్పేవారు ఎక్కువగా పైథాగరస్ తంత్రితో మొదలుపెట్టి, గెలీలియో, మెర్సెన్, న్యూటన్‌ల మీదుగా లార్డ్ రేలీ దాకా వస్తారు. ఆ దారిలో ఎవరూ కట్టని ఒక పరిశోధనశాల కూడా ఉంది. దానికి ఇటుకలు లేవు, పరికరాలు లేవు. ఉన్నదల్లా ఒక చిన్న పుస్తకంలో ఒకే ఒక పేరా. అయినా ఆ పేరాలోని ఒక్కొక్క అంశాన్ని తీసుకొని, ఇది సాధ్యమా, సాధ్యమైతే ఎందువల్ల, కాకపోతే ఎందువల్ల అని అడుగుతూ పోతే ధ్వని భౌతికశాస్త్రంలో సగం పాఠం పూర్తవుతుంది. భాషా విద్యార్థులకు ఈ పాఠంతో ఏం పని అన్న ప్రశ్నకు జవాబు వ్యాసం సగం దాటాక దొరుకుతుంది. అంతవరకు ఓపిక పట్టవలసిందిగా మనవి.

ఫ్రాన్సిస్ బేకన్ 1561లో పుట్టి 1626లో చనిపోయాడు. ఇంగ్లండు లార్డ్ చాన్సలర్ పదవి దాకా ఎక్కి, 1621లో లంచాల ఆరోపణపై ఆ పదవి పోగొట్టుకున్న మనిషి. ఆయన అసంపూర్ణంగా వదిలివెళ్ళిన 'న్యూ అట్లాంటిస్' అనే కథ మరణానంతరం 'సిల్వా సిల్వారమ్' అనే పెద్ద గ్రంథం చివర చేర్చి, 1627 తేదీతో అచ్చయింది. పెరూ నుంచి చైనా, జపానుల వైపు బయలుదేరిన ఓడ ఒకటి గాలివాటున దారి తప్పి బెన్సాలెం అనే ద్వీపం చేరుతుంది. అక్కడ సాలమన్ భవనం అనే విద్వత్సంస్థ ఉంటుంది. దాని పెద్దలలో ఒకాయన తమ సంస్థలో ఏమేమి ఉన్నాయో అతిథికి వరసగా చెబుతాడు. గనులు, తోటలు, వంటశాలలు, వెలుతురును పరీక్షించే గృహాలు, వాటి తర్వాత శబ్దగృహాలు. కథగా చూస్తే ఇది నీరసమైన రచనే. పాత్రలు లేవు, సంఘటనలు తక్కువ. దాని బలమంతా ఆ జాబితాలోనే ఉంది.

శబ్దగృహాలలో జరిగే పనులు క్లుప్తంగా ఇవి. పావు స్వరాలు, అంతకంటె సూక్ష్మమైన జారుడు స్వరాలు పలికిస్తారు. ఇతర దేశాలకు తెలియని వాద్యాలు, స్వరమేళనాలు తయారుచేస్తారు. చిన్న చప్పుడును పెద్దదిగా, పెద్ద చప్పుడును సన్ననిదిగా మారుస్తారు. మనుషుల ఉచ్చారణను, పశుపక్ష్యాదుల కూతలను యంత్రంతో అనుకరిస్తారు. చెవికి తగిలించుకొంటే వినికిడి పెరిగే సాధనాలున్నాయి. విచిత్రమైన ప్రతిధ్వనులున్నాయి. వాటిలో కొన్ని వచ్చిన గొంతును మరింత బిగ్గరగా, కొన్ని మరింత కీచుగా, కొన్ని మరింత మందంగా తిరిగి ఇస్తాయి. కొన్నయితే అక్షరాలనే మార్చి పలుకుతాయి. చివరగా గొట్టాల ద్వారా, వంకర దారులలో సైతం, దూరాలకు శబ్దం పంపే ఏర్పాటు.

ఇందులో తేలికైనది గొట్టం. ఆరుబయట మాట అన్ని దిక్కులకూ గోళాకారంగా వ్యాపిస్తుంది. దూరం రెట్టింపయితే అదే శక్తి నాలుగు రెట్ల వైశాల్యం మీద పరుచుకోవాలి. గొట్టంలో ఆ పరుచుకోవడం ఉండదు, గోడల రాపిడికి పోయేది మాత్రమే నష్టం. 1808లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు బియో పారిస్ నగరపు నీటి గొట్టాలలో దీన్ని పరీక్షించాడు. 951 మీటర్ల పోత ఇనుప గొట్టం ఒక చివర గుసగుసలాడితే రెండో చివర వినిపించింది. గొట్టం మీద కొడితే మాత్రం ఒక దెబ్బకు రెండు చప్పుళ్ళు వచ్చాయి. మొదటిది ఇనుములోంచి, రెండోది దాదాపు రెండున్నర సెకన్ల తర్వాత లోపలి గాలిలోంచి. ఇనుములో శబ్దవేగం గాలిలో కంటె ఎంతో ఎక్కువ అనడానికి ఇంతకంటె సుళువైన రుజువు దొరకదు. ఓడలలో కెప్టెను గది నుంచి యంత్రశాలకు మాట్లాడే గొట్టాలు, 1816లో లెనెక్ కనిపెట్టిన స్టెతస్కోపు ఈ సూత్రం మీదనే నడిచాయి.

పావు స్వరాల సంగతి చదవగానే మనవాళ్ళకు శ్రుతులు, గమకాలు గుర్తుకు రావడం సహజం. బేకన్‌కు మన సంగీతం తెలుసునని చెప్పడానికి ఆధారమేమీ లేదు, ఆ దారిన పోవలసిన పని కూడా లేదు. ఐరోపాలోనే అంతకు ముందు, 1555లో, ఇటలీలో నికోలా విచెంటీనో ఒక స్థాయిని 31 భాగాలు చేసే మెట్ల వాద్యాన్ని వర్ణించాడు. అదే రోజులలో, 1550లో, విజయనగరంలో అళియ రామరాయల ప్రోత్సాహంతో రామామాత్యుడు 'స్వరమేళకళానిధి' రాసి, వీణ మెట్లు ఎక్కడెక్కడ ఉండాలో చర్చించాడు. ఇక్కడ ఒక పొరపాటు భావన సరిచేసుకోవాలి. మన 22 శ్రుతులు పావు స్వరాలు కావు. పావు స్వరాలంటే స్థాయిని 24 సమభాగాలు చేయడం. శ్రుతులు సమానం కావు. స్థాయిని 1200 సెంట్లుగా లెక్కిస్తే, శ్రుతికి శ్రుతికి నడుమ దూరం ఒకచోట 22, మరొకచోట 70, ఇంకొకచోట 90 సెంట్లు ఉంటుంది. బేకన్ జాబితాలో మన గమకానికి దగ్గరగా ఉన్నది ఆ రెండో మాట, జారుడు స్వరాలు.

తెలియని వాద్యాలు అన్న అంశం దగ్గర మృదంగాన్ని తలచుకోక తప్పదు. సమంగా బిగించిన ఉత్త చర్మాన్ని కొడితే వచ్చే స్వరాలు ఒకదానికొకటి పొసగవు. మూలస్వరం 1 అనుకుంటే తర్వాతివి 1.59, 2.14, 2.30 ఇలా ఉంటాయి. చెవికి అది శ్రుతి లేని మోత. మృదంగం కుడి మూత నడుమ పొరలు పొరలుగా నల్లని మందు పూస్తారు. ఆ బరువు కంపన రీతుల పౌనఃపున్యాలను సర్దుతుంది. 1, 2, 3, 4, 5 అనే పూర్ణ సంఖ్యల నిష్పత్తిలోకి తెస్తుంది. దీన్ని ప్రయోగపూర్వకంగా చూపినవాడు సి.వి. రామన్. 1920లో ఒక సహచరునితో కలిసి 'నేచర్' పత్రికలో చిన్న వ్యాసం, 1934లో వివరమైన వ్యాసం ప్రకటించాడు. తొమ్మిది కంపన రీతులు అయిదు స్వరాలుగా గుంపు కట్టడం ఇందులోని చిత్రం. బాల్యంలో విశాఖపట్నంలో చదువుకున్న రామన్ ధ్వని మీద చేసిన పని, ఆయనకు నోబెల్ బహుమతి తెచ్చిన కాంతి పరిశోధన నీడలో మరుగున పడిపోయింది. ఇది న్యాయం కాదని మా అభిప్రాయం. మృదంగానికి ఆ మందు పూసే చేతులు ఈ సమస్యను రామన్ కంటె ఎంతో ముందే పరిష్కరించాయి. కాని ఎందుకు పరిష్కారమైందో చెప్పగలగడం వేరే విద్య.

ఇక ప్రతిధ్వనులు. బేకన్ ఊహ తడబడిందా, ముందుకు దూకిందా అన్నది ఇక్కడే తేలాలి.

వచ్చిన గొంతును మరింత బిగ్గరగా తిరిగి ఇచ్చే గోడ ఉండదు. గోడకు సొంత శక్తి లేదు, తనకు అందినదానికంటె ఎక్కువ ఇవ్వలేదు. కాని వంపు గోడ, గుమ్మటం చెదరిపోవలసిన శబ్దాన్ని పోగుచేయగలవు. ఒక మూల నిలబడ్డ శ్రోతకు నేరుగా వచ్చిన మాటకంటె గోడ తాకి వచ్చిన మాటే బిగ్గరగా వినిపించవచ్చు. విజయపుర, అంటే 2014కు పూర్వపు పేరుతో బీజాపూరు, గోల్ గుంబజ్ ఇందుకు సాక్ష్యం. అది మహమ్మద్ ఆదిల్‌షా సమాధి. ఆయన సింహాసనం ఎక్కిన సంవత్సరం కూడా 1627 కావడం కాకతాళీయమే అయినా గుర్తు పెట్టుకోవడానికి పనికొస్తుంది. కట్టడం 1656లో ముగిసింది. గుమ్మటం లోపలి వ్యాసం సుమారు 38 మీటర్లు. దాని అడుగున చుట్టూ తిరిగే వసారాలో ఒకరు గోడ వైపు తిరిగి గుసగుసలాడితే ఎదుటి పక్క ఉన్నవారికి స్పష్టంగా వినిపిస్తుంది. చప్పట్లు కొడితే ఎదుటి గోడకు పోయి రావడానికి సెకనులో అయిదో వంతు కంటె కాస్త ఎక్కువ పడుతుంది. మళ్ళీ పోయి వస్తుంది, మళ్ళీ. ఇన్నిసార్లు అని గైడ్లు చెప్పే లెక్క మనిషికొక విధంగా ఉంటుంది.

గుసగుస గోడను అంటిపెట్టుకొని పాకుతుందని లార్డ్ రేలీ వివరించాడు. పుటాకార గోడ ధ్వనిని అడుగడుగునా లోపలికి మళ్ళిస్తూ పోతుంది. తరంగదైర్ఘ్యం ఎంత చిన్నదైతే అంత దగ్గరగా అంటుకొని పోతుంది. అందుకే పెద్ద గొంతుకంటె గుసగుసే బాగా సాగుతుంది. 1921లో రామన్ ఇంగ్లండు వెళ్ళినప్పుడు లండను సెంట్ పాల్ చర్చి గుమ్మటంలో ఒక సహచరునితో దీన్ని పరీక్షించి, గోడ నుంచి లోపలికి వచ్చేకొద్దీ శబ్ద తీవ్రత ఒకే తీరున తగ్గిపోకుండా హెచ్చుతగ్గులుగా మారుతున్నదని గమనించాడు. తర్వాత గోల్ గుంబజ్‌ను కూడా తన పరిశీలనలో చేర్చాడు. సముద్రపు నీలిరంగు గురించి ఆయన ఆలోచనలో పడ్డది కూడా ఆ 1921 ఓడ ప్రయాణంలోనే.

గొంతును కీచుగా మార్చే ప్రతిధ్వని అసాధ్యమని మొదట అనిపిస్తుంది. కదలకుండా ఉన్న గోడ సెకనుకు 200 కంపనాలు అందుకుంటే 200 కంపనాలే తిప్పి పంపాలి. కాని ఒక చెట్ల తోపు నుంచి స్త్రీ కంఠం ఒక స్థాయి హెచ్చుగా తిరిగి వస్తున్నదన్న విషయాన్ని రేలీ 1873లో విచారించి చక్కని సమాధానం చెప్పాడు. ఏ కంఠంలోనైనా మూలస్వరంతో పాటు అతిస్వరాలుంటాయి. కొమ్మలు, ఆకుల వంటి సన్నని వస్తువులు పొడవాటి తరంగాలను పట్టించుకోవు, పొట్టి తరంగాలను ఎక్కువగా చెదరగొడతాయి. పౌనఃపున్యం రెట్టింపయితే చెదిరే తీవ్రత 16 రెట్లవుతుంది. కనుక తోపు నుంచి మూలస్వరం సన్నగా, పై స్థాయి స్వరం బలంగా తిరిగి వస్తుంది. చెవి దాన్నే అసలు స్వరమనుకుంటుంది. అంటే తోపు స్వరాన్ని హెచ్చించలేదు, ఉన్నవాటిలోంచి ఏరుకుంది. ఆకాశం నీలంగా ఉండడానికి రేలీ చెప్పిన కారణమూ ఇదే.

అక్షరాలు మార్చే ప్రతిధ్వని గురించి బేకన్‌కు స్వయంగా తెలుసు. 'సిల్వా సిల్వారమ్'లో ఆయన పారిస్ దగ్గరి పాం షారాంతోఁ అనే చోటి ప్రతిధ్వనిని ప్రస్తావిస్తాడు. అక్కడ సాతాను పేరు ఫ్రెంచి పలుకుబడిలో పెట్టి అరిస్తే మొదటి సకారం తిరిగి రాదు. 'వాతాఁ' అన్నట్టు వినిపిస్తుంది. ఫ్రెంచిలో ఆ మాటకు 'పో అవతలికి' అని అర్థం. మంచి దేవతలు సాతాను పేరు పలకరు కనుక తరిమేస్తున్నారని అక్కడి ముసలాయన ఒకరు నమ్మేవాడట. బేకన్ ఆ నమ్మకాన్ని పక్కకు పెట్టి, ప్రతిధ్వని సకారాన్ని తిరిగి ఇవ్వదు అన్న పరిశీలనను మాత్రం తీసుకున్నాడు. ఈ మనిషి ఊహలు కేవలం ఊహలు కావనడానికి మాకు కనిపించే మంచి నిదర్శనం ఇది.

కారణం ఈనాడు మనం చెప్పగలం. అచ్చుల బలమంతా కొన్ని వందల హెర్ట్జ్ నుంచి రెండు మూడు వేల హెర్ట్జ్ లోపల ఉంటుంది. సకారం కంఠం నుంచి వచ్చే నాదం కాదు, పళ్ళ దగ్గర గాలి రాపిడి. దాని బలం ఎక్కువ భాగం 4,000 హెర్ట్జ్‌కు పైన ఉంటుంది. పై పౌనఃపున్యాలను గాలి, గరుకు గోడలు త్వరగా తినేస్తాయి. పోయి వచ్చేసరికి అచ్చులు మిగులుతాయి, ఊష్మాలు రాలిపోతాయి. పాతకాలపు టెలిఫోను సుమారు 300 నుంచి 3,400 హెర్ట్జ్ వరకే పంపేది. ఫోనులో పేరు చెప్పేటప్పుడు 'స', 'ఫ' తారుమారు కావడం దీనివల్లనే. షారాంతోఁ గోడ కూడా ఒక రకం టెలిఫోనే.

మా విద్యార్థులకు సంబంధించిన సంగతి ఇక్కడ వస్తుంది. తెలుగులో తాలవ్య చకారం ఒకటి, దంత్య చకారం ఒకటి. చీమలో ఉన్నది మొదటిది, చాలు అన్నప్పుడు చాలామంది పలికేది రెండోది, ౘాలు. జకారానికీ అంతే, జీలకర్ర ఒకటి, ౙడ మరొకటి. పాత వ్యాకరణాలు ౘ, ౙ అని గుర్తు పెట్టి చూపేవి, నేటి అచ్చులో ఆ గుర్తు దాదాపు లేదు. కనుక ఈ భేదం బతికి ఉంటే నోటిలో బతికి ఉండాలి. మరాఠీలో ఈ రెండు ధ్వనులూ ఉన్నాయి, కనుక సోలాపూరు వైపు తెలుగువారికి ఇరుగుపొరుగు భాష అండగా నిలుస్తుంది. తమిళ, కన్నడ, ఒడియా భాషలలో అటువంటి జంట లేదు. హోసూరులోను, బరంపురంలోను, బళ్ళారిలోను మూడు నాలుగు తరాలుగా ఉన్న ఇళ్ళలో ౘ నిలిచిందా, పోయిందా? ఇది మంచి పరిశోధనాంశం. అయితే ౘను చ నుంచి వేరుచేసే రాపిడి బలం కూడా సకారంలాగే పైపైన ఉంటుంది. ఫోను నాణ్యతలో, అంటే సెకనుకు 8,000 నమూనాల చొప్పున భద్రపరచిన ధ్వనిలో 4,000 హెర్ట్జ్‌కు పైన ఏమీ ఉండదు. అలాంటి రికార్డు విని ఒక విద్యార్థి ఫలానా ఊరి తెలుగులో దంత్య చకారం నశించిందని రాస్తే, ఆ ఊరి ముసలమ్మ నోటిలో నిక్షేపంగా ఉన్న ధ్వనిని యంత్రం మింగివేసి ఉండవచ్చు. సిద్ధాంతగ్రంథంలో ఒకసారి ఎక్కిన ఆ వాక్యం పదేళ్ళు తిరుగుతుంది.

సాలమన్ భవనంలో మరొక గృహం కూడా ఉంది. ఇంద్రియాలను మోసగించే కనికట్లన్నిటినీ అక్కడ చేసి చూస్తారు, వాటిలోని మోసాన్ని తెలుసుకోవడానికి. కాని సహజమైన దేన్నీ వింతగా పెంచి చూపరాదని సభ్యులకు కట్టడి ఉంది. అతిక్రమిస్తే అవమానం, జరిమానా. పరిశోధనశాలకు నీతి నియమం రాసిపెట్టిన ఈ చోటే ఆ పుస్తకంలో అన్నిటికంటె విలువైనదని మేము భావిస్తాము. హంపి విఠలాలయంలో 'సరిగమల స్తంభాలు' బోలుగా ఉన్నాయని, లోపల ఏదో రహస్యలోహం ఉన్నదని చెప్పేవారు ఇప్పటికీ ఉన్నారు. కల్పాక్కం ఇందిరాగాంధీ అణుపరిశోధన కేంద్రం శాస్త్రజ్ఞులు రాతికి హాని లేని పద్ధతులతో పరీక్షించి 2008లో ఫలితాలు ప్రకటించారు. స్తంభాలు గట్టి రాయే. తట్టినప్పుడు అవి వంగి లేచే కంపనమే మనం వినే స్వరం. పొడవు, మందం మారితే స్వరం మారుతుంది. రాతిని అంత కొలతగా చెక్కిన పనితనం ముందు లోహం కథ వెలవెలబోతుంది. సందర్శకులు తట్టి తట్టి రాయి దెబ్బతినడంతో వాటిని తట్టడం నిషేధించారు.

బేకన్ జాబితాలో మిగతావి కూడా ఒక్కొక్కటిగా వచ్చాయి. ఫోన్ కెంపెలెన్ మాట్లాడే యంత్రం వివరాలు 1791లో, టెలిఫోను 1876లో, చిన్న చప్పుడును పెద్దది చేసే ట్రయోడ్ 1906లో, మీటలతో మాట్లాడించే వోడర్ 1939లో. 1958లో లండనులో బి.బి.సి. వారు విద్యుత్ ధ్వనులు తయారుచేసే ఒక కార్యశాల తెరిచారు. దాని స్థాపకులలో ఒకరైన డాఫ్నీ ఓరమ్ ఈ శబ్దగృహాల పేరానే రాయించి గోడకు తగిలించింది. మరుసటి సంవత్సరమే ఆమె అక్కడి నుంచి వెళ్ళిపోయింది, కార్యశాల 1998 దాకా నడిచింది.

ఇంత పట్టించుకున్న బేకన్ ఒక్కటి విడిచిపెట్టాడు. ఆయన శబ్దగృహాలలో శబ్దాన్ని పుట్టిస్తారు, మారుస్తారు, పంపుతారు. దాచరు. ఆ ఊహ ఆనాటికి లేనిదేమీ కాదు. 1552లో రబలే సముద్రం మీద గడ్డకట్టి, ఎండకు కరిగి వినిపించే మాటల కథ రాశాడు. 1657లో అచ్చయిన సిరానో ద బెర్జెరాక్ చంద్రలోక యాత్రలో చెవితో చదివే పుస్తకాలున్నాయి. బేకన్‌కు మాత్రం శబ్దం అప్పటికప్పుడు జరిగే క్రియ. నిజంగా దాచడం ఎడిసన్ ఫోనోగ్రాఫుతో 1877లో మొదలయింది.

ఈ లోపం మనకు పట్టింపు గలది. గ్రియర్సన్ భారత భాషా సర్వేలో 1906లో వెలువడిన నాలుగో సంపుటం, ఆంధ్రదేశం వెలుపలి తెలుగు మాండలికాలుగా కోమ్టావు, సాలేవారి, గోలరి, బేరడి, వడరి, కామాఠి, దాసరి అని పేర్లు పెట్టి నమూనాలు అచ్చువేసింది. మన విద్యార్థులలో కొందరి ముత్తాతల మాట అది. అచ్చులో అక్షరాలున్నాయి. ఎక్కడ ఒత్తి పలికారో, చకారం ఏదో, వాక్యం చివర గొంతు లేచిందో దిగిందో కాగితం చెప్పదు.

కనుక ఈ సెలవులలో ఇళ్ళలో పెద్దల మాట రికార్డు చేయబోయేవారికి కొన్ని సూచనలు. సెకనుకు 44,100 నమూనాలకు తగ్గకుండా, కుదించని ఫైలుగా దాచండి. దానిలో 20,000 హెర్ట్జ్ దాకా నిలుస్తుంది. ఫోనులో మాట్లాడించి రికార్డు చేయవద్దు. నున్నటి గోడల ఖాళీ గదిలో కూర్చోబెట్టవద్దు. పరుపులు, బట్టలు ఉన్న గది మేలు, ప్రతిధ్వని తగ్గుతుంది. మైకు నోటికి జానెడు దూరంలో, కాస్త పక్కకు ఉండాలి. చాలు, చాప, చుట్టం, చీర, చెయ్యి, జడ, జీతం అనే మాటలు సంభాషణలో వాటంతట అవే దొర్లేలా చూడండి. కాగితం ఇచ్చి చదివిస్తే బడి ఉచ్చారణ వస్తుంది. ఊరు, తేదీ, మాట్లాడిన వారి వయస్సు ముందే మైకులో చెప్పండి. పేరు మాత్రం వారి అనుమతి ఉంటేనే.